ఒకే ఎస్ఎస్‌డీని సీ, డీ అని చీల్చి గేమ్‌లు డీలో వెయ్యడం అవసరమా?

నాగావళి_ఆర్ (శ్రీకాకుళం)

మన వైపు షాపుల్లో కొత్త పీసీ కట్టించుకుంటే 512 జీబీ ఎన్‌వీఎంఈ ఎస్ఎస్‌డీని సీ 150, డీ 326 అని రెండు ముక్కలు చేసి చేతికిస్తున్నారు. డబ్బా మీద 512 అని ఉన్నా విండోస్ చూపించేది 476 జీబీయే కదా, అందులో ఈ వాటా. పైగా "గేమ్‌లన్నీ డీలోనే వెయ్యండి, సీ బరువెక్కితే సిస్టమ్ స్లో అయిపోద్ది" అని ఒక మాట. పక్కన 1 టీబీ హార్డ్ డిస్క్ కూడా ఉంది. ఈ చీలిక ఉంచాలా, తీసేసి అంతా సీ చేసుకోవాలా? ఉంచాలన్నా వద్దన్నా కారణం చెప్పండి.

వంశధార పీసీ (నరసన్నపేట)

ఉంచండి. కారణం ఒక్కటే, విండోస్ మళ్లీ ఎక్కించాల్సిన రోజు. ఆ రోజు సీ ఒక్కటే ఫార్మాట్ చేస్తాం, డీ జోలికి వెళ్లం. స్టీమ్‌ని (గేమ్‌లు దింపి ఆడించే లాంచర్) కూడా డీలోనే వేసుకుంటే ఇంకా సుళువు. కొత్త విండోస్‌లో డీలో ఉన్న స్టీమ్ ఫైల్‌ని నేరుగా నొక్కండి, లాగిన్ అవండి, గేమ్‌లన్నీ ఉన్నచోటే ఉంటాయి. గేమ్ మొదటిసారి తెరిచినప్పుడు అది నడవడానికి కావాల్సిన విజువల్ సీ ప్లస్ ప్లస్, డైరెక్ట్‌ఎక్స్ లాంటివి స్టీమ్ తనే ఎక్కించుకుంటుంది.

చీల్చకపోతే ఏమవుతుందో లెక్క చూడండి. 120 జీబీ గేమ్ 50 ఎంబీపీఎస్ నెట్‌లో దిగాలంటే ఆగకుండా 5 గంటల 20 నిమిషాలు. అలాంటివి 3 ఉంటే ఒక రోజులో మూడింట రెండు వంతులు దానికే. ఇక ఫైబర్ తీగలు కరెంటు స్తంభాల మీద నుంచే వస్తాయి. 2018 అక్టోబరులో తిత్లీ తుఫానుకి ఉద్దానంలో స్తంభాలు ఎలా పడ్డాయో అందరికీ తెలుసు. "మళ్లీ దింపుకుంటాంలే" అనేది మన జిల్లాలో నమ్ముకోదగ్గ ఏర్పాటు కాదు.

చంపావతి (విజయనగరం)

వంశధార గారూ, రీఇన్‌స్టాల్ మాట ఒప్పుకుంటాను. కానీ అది రెండు మూడేళ్లకోసారి వచ్చే పని. చీలిక వల్ల ఇబ్బంది ప్రతి నెలా ఉంటుంది.

ముందు షాపు వాళ్ల మాట తేల్చేద్దాం. ఒకే ఎస్ఎస్‌డీలో సీ, డీ అన్నవి గీసిన గీతలు, అంతే. లోపల చిప్‌లు అవే, కంట్రోలర్ అదే. డీలో వేస్తే గేమ్ వేగంగా లోడ్ అవడం, సీ అరగడం తగ్గడం లాంటివి ఉండవు. ఏ ముక్కలో రాసినా కంట్రోలర్ ఆ రాతల్ని డిస్క్ మొత్తానికీ పంచుతుంది. పాత హార్డ్ డిస్కుల్లో బయటి ట్రాకులు వేగం కాబట్టి మొదటి ముక్కకి కాస్త లాభం ఉండేది. ఆ రోజుల సలహా ఇంకా చెబుతున్నారు.

అసలు నష్టం అప్‌డేట్ రోజున తెలుస్తుంది. కొన్ని పెద్ద గేమ్‌ల ఫైళ్లు 20, 30 జీబీల మూటలుగా ఉంటాయి. అప్‌డేట్ 2 జీబీయే అయినా, స్టీమ్ ఆ మూటల్ని పక్కన కొత్తగా కట్టి, అప్పుడు పాతవి తీస్తుంది. కట్టే చోటు అదే డ్రైవ్‌లో, స్టీమ్ గేమ్‌లుండే స్టీమ్‌యాప్స్ ఫోల్డర్ లోపలున్న డౌన్‌లోడింగ్ ఫోల్డర్. అంటే 2 జీబీ అప్‌డేట్‌కి 50, 60 జీబీ ఖాళీ కావాల్సి రావచ్చు. డీలో 300 నిండిపోయి 26 మిగిలితే "డిస్క్‌లో చోటు చాలదు" అని ఆగిపోతుంది, సీలో మాత్రం 70 జీబీ ఊరికే పడి ఉంటుంది. గీత లేకపోతే ఆ 96 జీబీ ఒక్కచోటే ఉండేది.

రీఇన్‌స్టాల్‌కి ముందు స్టీమ్‌యాప్స్ ఫోల్డర్ హార్డ్ డిస్క్‌లోకి కాపీ చేసుకోండి. సెకనుకి 100 ఎంబీ రాసినా 120 జీబీకి 20 నిమిషాలు.

కోటబొమ్మాళి కుర్రోడు

గీత ఉన్నా లేకపోయినా, ఏది ఎక్కడ ఉందో తెలియకుండా ఫార్మాట్ కొడితే ఇద్దరికీ నష్టమే కదా అన్నా. అదెవరూ చెప్పట్లేదేటి?

డెస్క్‌టాప్ మీద స్టీమ్ గేమ్ ఐకాన్ నొక్కి "ఓపెన్ ఫైల్ లొకేషన్" అంటే గేమ్ ఫోల్డర్ రాదు. ఆ ఐకాన్ స్టీమ్‌కి నంబర్ చెప్పే లింక్ మాత్రమే. స్టీమ్ లైబ్రరీలో గేమ్ పేరు మీద రైట్ క్లిక్, మేనేజ్, బ్రౌజ్ లోకల్ ఫైల్స్. ఏ లాంచర్‌ది అయినా సరే, గేమ్ నడుస్తుండగా టాస్క్ మేనేజర్‌లో దాని మీద రైట్ క్లిక్ చేసి "ఓపెన్ ఫైల్ లొకేషన్" అంటే అసలు చోటు తెరుచుకుంటుంది. పేరు చూసి వెతికితే మోసపోతాం. కౌంటర్ స్ట్రైక్ 2 ఉండేది ఇప్పటికీ "కౌంటర్ స్ట్రైక్ గ్లోబల్ అఫెన్సివ్" అన్న ఫోల్డర్‌లోనే. పాతది అనుకుని డిలీట్ కొట్టారో, గేమే పోద్ది.

విజయనగరం సర్వీస్ బల్ల

కుర్రోడు పట్టింది అసలు పాయింటు. గేమ్ ఫోల్డర్ ఒక్కటే చాలదు, ఆ గేమ్ ఉందని చెప్పే చీటీ కూడా కావాలి. ఆ చీటీని ఒక్కో లాంచర్ ఒక్కో చోట దాస్తుంది. వంశధార గారు చెప్పిన "ఉన్నచోటే ఉంటాయి" స్టీమ్‌కే వర్తిస్తుంది.

స్టీమ్: గేమ్ ఫైళ్లు స్టీమ్‌యాప్స్ లోపలి కామన్‌లో. చీటీ ఒక మెట్టు పైన, స్టీమ్‌యాప్స్‌లోనే, "యాప్‌మ్యానిఫెస్ట్" అని మొదలై గేమ్ నంబర్‌తో ముగిసే చిన్న ఫైల్. కౌంటర్ స్ట్రైక్‌కి ఆ నంబర్ 730. నోట్‌ప్యాడ్‌లో తెరిస్తే "ఇన్‌స్టాల్‌డిర్" అన్న వరుసలో ఫోల్డర్ పేరు కనబడుతుంది. కామన్ ఒక్కటే కాపీ చేసి చీటీ వదిలేస్తే స్టీమ్ "ఇన్‌స్టాల్" అనే చూపిస్తుంది. కంగారు పడకుండా, అదే లైబ్రరీ (ఆ డ్రైవ్‌లోని స్టీమ్ గేమ్‌ల ఫోల్డర్) ఎంచుకుని ఇన్‌స్టాల్ నొక్కండి. ఉన్న ఫైళ్లని సరిచూసుకుని, తేడా ఉన్నవి మాత్రమే దింపుకుంటుంది.

ఎపిక్: చీటీలు గేమ్ పక్కన ఉండవు. సీలో ప్రోగ్రామ్‌డేటా అనే దాచిన ఫోల్డర్‌లో ఎపిక్, అందులో ఎపిక్ గేమ్స్ లాంచర్, డేటా, మ్యానిఫెస్ట్స్. గేమ్ డీలో భద్రంగా ఉన్నా సీ ఫార్మాట్ అయితే చీటీ పోతుంది, లాంచర్ మొదటి నుంచి దింపుతానంటుంది. అప్పుడు చెయ్యాల్సింది: పాత ఫోల్డర్ పేరు మార్చి పక్కన పెట్టండి. అదే చోట ఇన్‌స్టాల్ మొదలుపెట్టి 2, 3 శాతం రాగానే ఆపెయ్యండి. పాత ఫైళ్లని కొత్త ఫోల్డర్‌లోకి తెచ్చి, రీప్లేస్ అనండి. మళ్లీ రెజ్యూమ్ నొక్కితే సరిచూసుకుంటుంది.

జీఓజీ గెలాక్సీ అనే ఇంకో లాంచర్‌లో మేనేజ్ ఇన్‌స్టలేషన్ కింద ఇంపోర్ట్ ఫోల్డర్ ఉంది, దానితో సరి. వాలరెంట్ ఆడేవాళ్లు గుర్తుంచుకోవాల్సింది, గేమ్ డీలో వేసినా దానితో వచ్చే వ్యాన్‌గార్డ్ (మోసం చేసి ఆడేవాళ్లని పట్టే ప్రోగ్రామ్) మాత్రం సీ ప్రోగ్రామ్ ఫైల్స్‌లోకే వెళ్తుంది. గేమ్ తీసేసినా అది పోదు, సెట్టింగ్స్‌లో విడిగా తీసెయ్యాలి.

సేవ్‌ల (ఆట ఎంతవరకు వచ్చిందో దాచే ఫైళ్లు) సంగతి వీటన్నిటికంటే ముఖ్యం. గేమ్ ఏ డ్రైవ్‌లో ఉన్నా సేవ్‌లు దాదాపుగా సీలోనే: డాక్యుమెంట్స్‌లో మై గేమ్స్, యూజర్ ఫోల్డర్‌లో సేవ్డ్ గేమ్స్, యాప్‌డేటాలో లోకల్ (Local), లోకల్‌లో (LocalLow), రోమింగ్ (Roaming) అనే ఫోల్డర్లు. క్లౌడ్ సేవ్ అన్ని గేమ్‌లకీ ఉండదు. డీ ఉంది కదా అని ధీమాగా సీ ఫార్మాట్ కొట్టినవాళ్లకి 120 జీబీ గేమ్ మిగులుతుంది, 80 గంటల ఆట పోతుంది. గేమ్ నెట్‌లో మళ్లీ దొరుకుతుంది, ఆ 5 ఎంబీ సేవ్ ఎక్కడా దొరకదు. ఈ ఫోల్డర్లు ముందు కాపీ చెయ్యండి, తర్వాతే మిగతా వాదన.

వంశధార పీసీ

ఎపిక్, సేవ్‌ల విషయం ఒప్పుకున్నాను, నేను స్టీమ్ ఒక్కటే దృష్టిలో పెట్టుకుని రాశాను. కానీ చంపావతి గారి "20 నిమిషాల కాపీ" మీద ఒక మాట. కాపీ మధ్యలో కరెంటు పోతే? యూపీఎస్ లేని డెస్క్‌టాప్‌లు మన ఊళ్లలో ఎన్ని లేవు!

చంపావతి

అందుకే కట్, పేస్ట్ వద్దు. కాపీ చేసి, సరిచూసి, ఆ తర్వాతే పాతది తియ్యాలి. కమాండ్ ప్రాంప్ట్‌లో రోబోకాపీ వాడితే, కరెంటు వచ్చాక అదే కమాండ్ మళ్లీ ఇవ్వండి, పూర్తయినవి వదిలేసి మిగిలినవే తీసుకుంటుంది. చివర్లో స్టీమ్‌లో ప్రాపర్టీస్, ఇన్‌స్టాల్డ్ ఫైల్స్, వెరిఫై.

హార్డ్ డిస్క్ గాదె లాంటిది, వంటిల్లు ఎస్ఎస్‌డీ. ఇప్పుడు ఆడనివి గాదెలో పడెయ్యండి. స్టీమ్ సెట్టింగ్స్‌లో స్టోరేజ్‌లోకి వెళ్లి హార్డ్ డిస్క్‌ని లైబ్రరీగా కలిపితే, గేమ్‌కి టిక్ పెట్టి మూవ్ అనడమే. అక్కడి నుంచే ఆడేద్దామంటే పాత గేమ్‌లకి ఫరవాలేదు కానీ, బాల్డర్స్ గేట్ 3, సైబర్‌పంక్ 2077 లాంటివి కనీస అవసరాల్లోనే ఎస్ఎస్‌డీ అడుగుతున్నాయి.

కోటబొమ్మాళి కుర్రోడు

యూఎస్‌బీ డిస్క్ వాడేవాళ్లకి రెండు మాటలు. ఫ్యాట్32 ఫార్మాట్‌లో ఉంటే 4 జీబీ దాటిన ఫైల్ ఎక్కదు, ఎన్‌టీఎఫ్‌ఎస్ చెయ్యండి. డిస్క్ మేనేజ్‌మెంట్‌లో దానికి జీ అనో ఎస్ అనో అక్షరం కట్టెయ్యండి. లేకపోతే ముందు పెన్‌డ్రైవ్ పెట్టిన రోజు దాని "ఈ" (E) అక్షరం కాస్తా "ఎఫ్" (F) అయిపోద్ది, లైబ్రరీ మొత్తం మాయం.

నాగావళి_ఆర్

చంపావతి గారి మాట ప్రకారం తీసేద్దామని డీలోవి హార్డ్ డిస్క్‌లోకి కాపీ చేసి, డీ వాల్యూమ్ డిలీట్ చేశాను. సీ మీద రైట్ క్లిక్ చేస్తే "ఎక్స్‌టెండ్ వాల్యూమ్" మసకగా ఉంది, నొక్కుడు పడట్లేదు.

విజయనగరం సర్వీస్ బల్ల

సీకి, ఖాళీ చోటుకి మధ్య "రికవరీ పార్టిషన్" అని చిన్న పెట్టె కనిపిస్తోందా? సీకి ఆనుకుని కుడి పక్కనే ఖాళీ ఉంటే తప్ప విండోస్ పెంచనివ్వదు. ఆ రికవరీని డిలీట్ చెయ్యకండి, విండోస్ లేవని రోజు రిపేర్ మెనూ అందులోంచే వస్తుంది.

ఇప్పటికి ఆ ఖాళీని మళ్లీ డీగా ఎన్‌టీఎఫ్‌ఎస్ చేసుకోండి. చంపావతి గారు చెప్పిన వృథా తగ్గాలంటే స్టీమ్‌లో సీ మీద కూడా ఒక లైబ్రరీ పెట్టి, 40 జీబీ లోపు గేమ్‌లు అటు, పెద్దవి డీలో ఉంచండి. డీలో ఎప్పుడూ 60 జీబీ వదలండి. సీలో చోటు చాలకపోతే అడ్మిన్‌గా తెరిచిన కమాండ్ ప్రాంప్ట్‌లో హైబర్నేషన్ (ఆపేటప్పుడు ర్యామ్‌లోది డిస్క్‌లో దాచే ఏర్పాటు) ఆపండి, 16 జీబీ ర్యామ్ ఉంటే 6 జీబీ పైనే వస్తుంది. విండోస్ మళ్లీ ఎక్కించే రోజు వచ్చినప్పుడు, ఇన్‌స్టాల్ స్క్రీన్‌లోనే అన్ని ముక్కలూ తీసేసి ఒక్కటిగా చేసుకోవచ్చు. దానికి ముందు సేవ్‌లు, స్టీమ్‌యాప్స్, ఎపిక్ మ్యానిఫెస్ట్స్ ఈ మూడూ హార్డ్ డిస్క్‌లో ఉన్నాయో లేదో చూసుకోండి. ఇన్‌స్టాల్ మొదలెట్టే ముందు ఆ హార్డ్ డిస్క్ కేబుల్ పీకి పక్కన పెట్టండి, పొరపాటున దాన్నే ఫార్మాట్ చేసేసే ప్రమాదం ఉండదు.