స్టోన్‌హిల్ వర్సెస్ డియోక్నో: ఆ డియోక్నో ఎవరు?

హన్మకొండ జూనియర్:

మా తమ్ముడు ఫిలిప్పీన్స్‌లో, దావావ్‌లో ఎంబీబీఎస్ చదువుతున్నాడు. వాడి ఇంటి ఓనర్ ఒక ముసలాయన. అన్న వకీలని తెలిసి ‘మా డియోక్నో గురించి మీ అన్నకు తెలుసా’ అని అడిగాడట. నేను అదాలత్ దగ్గర ఒక సీనియర్ కింద మూడేండ్ల నుంచి వాయిదాలు రాసుకుంటున్నా, నాకేం తెలుసు! వెతికితే ఒక తీర్పు దొరికింది. అందులో ఆయన ప్రతివాది. ఆయన చేయించిన సోదాలు చెల్లవని సుప్రీంకోర్టు చెప్పింది. మరి ఆయన్ను పౌరహక్కుల వకీలని ఎందుకంటారు? తెలిసినవాళ్ళు చెప్పండన్నా.

పాత వకీలు, కాజీపేట:

తమ్మీ, నీకు ఎక్కడ తిరకాసు అనిపించిందో అక్కడే ఉంది కథంతా.

హోసే డియోక్నో 1922లో పుట్టాడు. తండ్రి సెనేటర్‌గా, సుప్రీంకోర్టు జడ్జిగా చేసినవాడు. ఈయన ముందు సీపీఏ (అకౌంటెంట్ల) పరీక్షలో ఫస్ట్ వచ్చాడు. యుద్ధంలో లా డిగ్రీ మధ్యలో ఆగిపోతే, ప్రత్యేక అనుమతి తీసుకుని 1944లో బార్ పరీక్ష రాశాడు. అందులోనూ ఫస్టే, జొవితో సలోంగాతో సమానంగా. ఆ సలోంగా తర్వాత సెనేట్ అధ్యక్షుడయ్యాడు.

1962లో డియోక్నో న్యాయశాఖ మంత్రి. హ్యారీ స్టోన్‌హిల్ అనే అమెరికన్ వ్యాపారి పెద్దపెద్దవాళ్ళకు లంచాలు మేపుతున్నాడని సోదాలు చేయించాడు. మొత్తం 42 వారంట్లు. కొన్ని వారాలకే మంత్రి పదవి ఊడింది, స్టోన్‌హిల్‌ను దేశం నుంచి పంపేశారు. మరుసటి ఏడు డియోక్నో సెనేటర్‌గా గెలిచాడు.

తీర్పు 1967లో వచ్చింది. అది నువ్వు పూర్తిగా చదవాలి. ఆ వారంట్లలో నేరం ఏమని రాశారంటే, సెంట్రల్ బ్యాంక్ చట్టాలు, కస్టమ్స్ చట్టాలు, పన్నుల చట్టం, పీనల్ కోడ్ ఉల్లంఘన అని! ఏ సెక్షనో, ఏ పనో లేదు. స్వాధీనం చేసుకోవాల్సిన వస్తువుల్లో లెడ్జర్లు, రసీదులు, ఉత్తరాలతో పాటు టైప్‌రైటర్లు, సిగరెట్ చుట్టే కాగితాలు కూడా. ఇళ్ళల్లో దొరికిన కాగితాలు సాక్ష్యానికి పనికిరావని కోర్టు తేల్చింది. కంపెనీ ఆఫీసుల్లోవి మాత్రం, ఆ హక్కు కంపెనీలది, మీది కాదని స్టోన్‌హిల్ వాళ్ళకు చెప్పింది.

సుబేదారి సుధ:

మన దగ్గర అట్లా లేదు సార్. సోదా చట్టవిరుద్ధమైనా, దొరికినదాన్ని అందుకే తోసేయక్కర్లేదని 1973లో పూరన్‌మల్ కేసులో మన సుప్రీంకోర్టు అన్నది. ఫిలిప్పీన్స్‌లో మాత్రం, అట్లా దొరికింది సాక్ష్యానికి పనికిరాదన్న సూత్రం 1987 రాజ్యాంగంలోనే ఉంది.

హన్మకొండ జూనియర్:

అంటే ఆయన ఓడిపోయిన కేసే జనానికి పనికొచ్చిందన్నమాట. తర్వాతేమైంది సార్?

పాత వకీలు, కాజీపేట:

అంతే మరి. 1971లో అధ్యక్షుడు మార్కోస్ హెబియస్ కార్పస్ (నిర్బంధంలో ఉన్నవాళ్ళను కోర్టు ముందుకు తెప్పించే హక్కు) నిలిపేస్తే, డియోక్నో ఆయన పార్టీకే రాజీనామా చేశాడు. 1972 సెప్టెంబర్‌లో మార్షల్ లా రాగానే ఈయన్ను పట్టుకుపోయారు. ఒక్క చార్జీ పెట్టలేదు, దాదాపు రెండేళ్ళు లోపలే ఉంచారు. కొన్నాళ్ళు లౌర్‌లోని సైనిక శిబిరంలో, మరో ప్రతిపక్ష సెనేటర్ బెనిగ్నో అకినోనూ ఈయన్నూ వేరువేరుగా ఒంటరి గదుల్లో పెట్టారు. భార్య కార్మెన్ హెబియస్ కార్పస్ వేసింది. ఆ పిటిషన్‌ను డియోక్నో తానే వెనక్కి తీసుకుంటానన్నాడు, ఈ కోర్టులో న్యాయం దొరుకుతుందన్న ఆశ లేదని. బార్ ఫస్ట్ వచ్చిన వకీలు ఆ మాట రాయాలంటే ఎంత విసిగిపోయి ఉండాలో ఆలోచించు. 1974లో ఆ కేసు తీర్పు రావడానికి కొద్దిరోజుల ముందే వదిలిపెట్టారు.

బయటికొచ్చి అదే ఏడు ‘ఫ్లాగ్’ అని ఉచిత న్యాయసాయం సంఘం పెట్టాడు. మార్కోస్ గద్దె దిగాక మానవ హక్కుల కమిటీకి అధ్యక్షుడయ్యాడు. 1987 జనవరిలో మెండియోలా వంతెన దగ్గర రైతుల మీద కాల్పులు జరిగితే, కేన్సర్‌తో మంచంలో ఉండి కూడా రాజీనామా చేశాడు. ఫిబ్రవరి 27న పోయాడు, అంతకు ముందురోజే 65 నిండాయి. కొడుకు చెల్ డియోక్నో కూడా వకీలే, 2025లో దిగువ సభకు వెళ్ళాడు.

ఇక నీ పని. ఈసారి పంచనామా చేతికొస్తే చివరి లైన్ చూడు, ‘మరియు ఇతర వస్తువులు’ అని ఉంటుందేమో.

హన్మకొండ జూనియర్:

నిన్ననే ఒకటి చూశాను సార్. చీటీల గొడవ కేసు. ఇంట్లో అమ్మ కుట్టుమిషన్ కూడా రాసుకుపోయారు. పొద్దున సీనియర్ సార్‌కు చూపిస్తా.