‘అస్తమానం’లో నిజంగా కొండ ఉందా?

నిన్న ఒక మిత్రులు ఇక్కడ చెప్పిన వ్యుత్పత్తి చాలామందికి నచ్చింది. పడమట అస్తాద్రి అనే కొండ ఉందట, దాని మీద కాలం కదలదట, ఎప్పుడు చూసినా అక్కడ పొద్దు గుంకుతూనే ఉంటుందట. అందుకే ‘అస్తమానం’ అన్న మాటకి ‘ఎప్పుడూ’ అనే అర్థం వచ్చిందని ఆయన వాదన. ఊహ ఎంతో బాగుంది, చదివి నేనూ కాసేపు ఆగిపోయాను. కానీ మాట వచ్చిన దారి అది కాదు.

కొండ ఉన్న మాట నిజమే, పుస్తకాల్లో. అమరకోశం శైలవర్గంలో ‘అస్తస్తు చరమక్ష్మాభృదుదయః పూర్వపర్వతః’ అని ఉంది. పడమటి కొండ పేరు అస్తం, తూర్పు కొండ పేరు ఉదయం. అయితే అంతకన్నా చాలా ముందు, వేదభాషలో, అస్తం అంటే ఇల్లు. ‘అస్తమేతి’ అంటే ఇంటికి పోతున్నాడని. పొద్దంతా తిరిగి తిరిగి సూర్యుడు ఇల్లు చేరుతున్నాడన్నమాట. కాలక్రమంలో ఇల్లు అనే అర్థం మరుగున పడింది. మరి సూర్యుడు చేరే ఆ అస్తం ఏమిటి అంటే, కొండ అన్నారు. మాట ముందు, కొండ తర్వాత అని నా నమ్మకం.

గుంకడం అన్న తెలుగు క్రియకి ఈ కొండతో పనే లేదు. గుంకడమన్నా క్రుంకడమన్నా ఒకటే, మునగడం. గ్రుంకులిడడమంటే స్నానం చెయ్యడం. పొడుపుమల, క్రుంకుమల అనేవి సంస్కృతపు కొండలకి మనవాళ్లు పెట్టుకున్న తెలుగు పేర్లు. ఇక్కడ నాకెప్పుడూ ఆశ్చర్యంగా తోచే విషయం ఒకటుంది. మన తీరంలో పొద్దు నీళ్లలోంచి పొడుస్తుంది, పోయేది నేలవైపుకి. అయినా పోయేటప్పుడే దాన్ని ‘మునిగింది’ అంటున్నాం.

ఇక అసలు సంగతి. ‘అస్తమానం’ ఒంటరిగా చూస్తే దారి తెలియదు, ‘పొద్దస్తమానం’తో కలిపి చూడాలి. పొద్దు అస్తమించేదాకా, అంటే రోజంతా. రోజంతా అన్నది కోపంలో ఎప్పుడూ అయింది. ముందున్న పొద్దు జారిపోయి అస్తమానం మిగిలింది. ఇది ఒక్క మాటకి జరిగి ఉంటే నేనింత గట్టిగా చెప్పను. గోదావరి వైపు ‘పొద్దాకా’ అంటారు, పొద్దుపోయేదాకా అని. తెలంగాణలో ‘పొద్దుగూకులు’ అంటారు, ‘పొద్దుందాక’ అంటారు. పొద్దు గూకడమంటే గుంకడమే. ఊరు మారినా యాస మారినా లెక్క ఒకటే: సూర్యుడు పోయేదాకా అన్న మాట తెగని కాలానికి పేరైంది. వీటిలో చాలావాటికి కొండ లేదు, సంస్కృతమూ లేదు. కాబట్టి అస్తమానానికి మాత్రం ప్రత్యేకంగా కొండ ఎందుకు?

మా అమ్మమ్మ దీపం వెలిగించడానికి వత్తి సరిచేస్తూ, నడవాలో మంచం మీద వాలిన నన్ను చూసి, ‘అస్తమానూ ఆ పడకేంట్రా, అసురసంధ్య వేళ!’ అనేది. నూనె వేళ్లు తలకి రాసుకుంటూ ఇంకోసారి అనేది. చుట్టూ నిజంగానే పొద్దు గుంకుతోంది, కానీ ఆవిడ నోట్లో అస్తమానానికీ ఆ గుంకడానికీ సంబంధం తెగిపోయి చాలాకాలమైంది. గుంకడానికి మనం అస్తమయం ఉంచుకున్నాం, పెద్దవాళ్లు పోయినప్పుడూ అదే అంటాం. అస్తమానాన్ని విసుగుకి ఇచ్చేశాం. ‘అస్తమానం నవ్వుతూ ఉంటుంది’ అని ఎవరైనా అంటే అది మెచ్చుకోలు కాదు, వెంటనే తెలిసిపోతుంది. పొద్దుగూకులుకీ ఆ కారమే ఉంది. మెచ్చుకోవాలంటే ‘ఎప్పుడూ’ అంటాం. ఆ ఎప్పుడూలో కూడా పొద్దే దాగి ఉంది. తమిళం ‘అప్పొళుదు’ పక్కన మన ‘అప్పుడు’ పెట్టి చూడండి. తెలుగులో పొద్దంటే సూర్యుడు, పొద్దంటే కాలం. పొద్దు పొడిచిందంటాం, పొద్దు పోవట్లేదంటాం, ఒక్కపొద్దు ఉంటాం.

కాలం వింతగా నడిచే కొండ కావాలన్నవారికి మాత్రం అస్తాద్రి కన్నా మేరువు మంచిది. సూర్యసిద్ధాంతం అనే పాత ఖగోళగ్రంథం, దేవతలుండే మేరువుని భూమికి ఉత్తరాగ్రాన పెట్టింది. అక్కడివాళ్లకి పొద్దు ఒకసారి పొడిస్తే ఆరు నెలలు గుంకదు. కొండ కల్పితమే కానీ లెక్క నిజం, ఉత్తరధ్రువం దగ్గర ఇప్పటికీ అంతే. మనకి ఒక ఏడు గడిస్తే దేవతలకి ఒక రోజు. మనకి 360 ఏళ్లయితే వాళ్లకి ఒక ఏడు. ధనుర్మాసాన్ని దేవతల తెల్లవారుజాము అనడం ఈ లెక్కలోదే.

దీని మీద ఒకరు మంచి సందేహమే వేశారు. మేరువు మీద సూర్యుడు కనిపించేది మేషంలో అడుగుపెట్టాక కదా, మరి మకర సంక్రాంతికే దేవతలకి పగలు మొదలైందని ఎందుకంటాం అని. 12వ శతాబ్దిలో గణిత, ఖగోళ పండితుడు భాస్కరాచార్యుడు దీనికి జవాబిచ్చాడు. మకరంలో సూర్యుడు పగటివైపు మొహం తిప్పుతాడు, జ్యోతిషఫలం చెప్పేవాళ్లు అప్పటినుంచే పగలన్నారని. మనం అర్ధరాత్రి దాటగానే తారీకు మార్చేసినట్టే.

ఆ మిత్రుల ఊహని పూర్తిగా కొట్టెయ్యలేకపోవడానికి ఒక శ్లోకం కారణం. విష్ణుపురాణం రెండో అంశంలోది:

నైవాస్తమనమర్కస్య నోదయః సర్వదా సతః
ఉదయాస్తమనాఖ్యం హి దర్శనాదర్శనం రవేః

ఎప్పుడూ ఉన్నవాడైన సూర్యుడికి అస్తమనం లేదు, ఉదయం లేదు. కనబడితే ఉదయం అంటున్నాం, కనబడకపోతే అస్తమనం అంటున్నాం, అంతే. అస్తమనమూ సర్వదా ఒకే పాదజంటలో! మన అస్తమానం అర్థం ఇక్కణ్ణుంచి వచ్చిందని నేననను. రెండు మాటలూ అంత దగ్గరగా కూచోవడం చూస్తే మాత్రం సంతోషం వేసింది.

ఉత్తరాంధ్ర వైపూ, రాయలసీమ వైపూ ఇళ్లల్లో విసుక్కుంటూ ‘ఎప్పుడూ’ అనడానికి ఏ మాట వాడతారో రాయండి. అందులో పొద్దు ఉందో లేదో చూద్దాం.