డి వాలెరా 1927లో పెట్టిన సంతకం: మాట తప్పడమా, దారి మార్చుకోవడమా?

గ్రూప్2_చిత్తూరు:
నమస్కారం. ఆదేశిక సూత్రాలు ఐర్లండ్ నుంచి తీసుకున్నామని కోచింగ్‌లో ఒక్క లైను రాయించి వదిలేశారు. ఆ రాజ్యాంగం తెచ్చిన ఈమన్ డి వాలెరా గురించి చదవబోయి ఒకచోట ఆగిపోయాను. బ్రిటిష్ రాజుకు విధేయత ప్రమాణం చేయాలన్నందుకే కదా 1921లో బ్రిటన్‌తో కుదిరిన ఒప్పందాన్ని కాదన్నాడు? అంతర్యుద్ధమే జరిగింది. మరి 1927లో తనే పోయి ఆ ప్రమాణం పుస్తకంలో సంతకం ఎలా పెట్టాడు? జనం మళ్లీ ఎలా నమ్మారు?

సివిక్స్_మేష్టరు_తిరుపతి:
అమ్మా, ఆగాల్సిన చోటే ఆగావు. ఏళ్ల తరబడి ఇంటర్ పిల్లలకు సివిక్స్ చెప్పాను, ఈ మనిషి గురించి మాత్రం ఇప్పటికీ చదువుతూనే ఉన్నాను.

లండన్ చర్చలకు తను పోకుండా తన సహచర నాయకులు ఆర్థర్ గ్రిఫిత్‌ను, మైకేల్ కాలిన్స్‌ను పంపాడు. వాళ్లు చేసుకొచ్చిన ఒప్పందాన్ని ఒప్పుకోనన్నాడు. 1922 జనవరిలో ఐర్లండ్ పార్లమెంటు సభ దాన్ని 64-57 ఓట్లతో ఆమోదించింది. అయినా తలవంచలేదు. ఆ జూన్‌లో అంతర్యుద్ధం మొదలై, అంతకుముందు కలిసి పోరాడినవాళ్లే ఒకరినొకరు చంపుకున్నారు. ఆగస్టులో కాలిన్స్ కూడా హతమయ్యాడు. ఆయన్ని నిలదీయాల్సింది ఇక్కడ, 1927లో కాదు.

1926లో ఫియనా ఫాల్ పార్టీ పెట్టాడు. మరుసటేడు జూన్‌లో 44 సీట్లు వచ్చినా ప్రమాణం చేయబోమన్నందుకు సభలోకి రానివ్వలేదు. జూలైలో మంత్రి కెవిన్ ఓహిగ్గిన్స్‌ను కాల్చి చంపారు. దాంతో, ప్రమాణం చేస్తామని ముందే మాటివ్వనివాళ్లు పోటీకే అర్హులు కారంటూ ప్రభుత్వం బిల్లు పెట్టింది. ఇక లోపలికన్నా పోవాలి, ఎన్నికలన్నా వదులుకోవాలి. ఆగస్టులో పోయి, బైబిల్‌ను పక్కకు జరిపి, ఇది ఉత్త లాంఛనమేనని చెప్పి పుస్తకంలో పేరు రాశాడు. తిట్టినవాళ్లు తిట్టారు. నేనైతే ఆయన చేసిన పనుల్లో ఇదే గొప్పదంటాను. అంతర్యుద్ధంలో ఓడిన ఆయన పక్షం ఓట్ల దారి పట్టింది. 1932లో గెలిస్తే, ఆ యుద్ధం గెలిచినవాళ్లు మారుమాట్లాడకుండా అధికారం అప్పగించారు. 1933లో ఆ ప్రమాణాన్నే చట్టం చేసి తీసేశాడు. 1936లో ఎనిమిదో ఎడ్వర్డ్ గద్దె దిగిన సందు చూసి, దేశం లోపలి పాలనలో రాజు ఊసే లేకుండా చేశాడు. 1937లో కొత్త రాజ్యాంగం.

ఈ ఒప్పందం పట్టుకుని మిగతా స్వేచ్ఛ సాధించుకోవచ్చని 1921లో కాలిన్స్ మొత్తుకున్నాడమ్మా. అది నిజమని చేసి చూపింది డి వాలెరానే. నాకు బాధంతా అక్కడే.

ఎస్వీయూ_పాత_విద్యార్థి:
మేష్టారూ, మన రాజ్యాంగ సభ సలహాదారు బి.ఎన్. రావు 1947లో డబ్లిన్ పోయి ఆయన్ని కలిశారు కదా?

సివిక్స్_మేష్టరు_తిరుపతి:
కలిశారు నాయనా. ఓట్ల నిష్పత్తిని బట్టి సీట్లు ఇచ్చే దామాషా ఓటు పద్ధతి జోలికి పోవద్దన్నట్టు డి వాలెరా ఆయనతో చెప్పాడు. 1959 జూన్ 17న తన దేశంలోనే ఆ పద్ధతి తీసేద్దామని రెఫరెండం పెట్టించాడు. అదే రోజు జనం ఆయన్ని అధ్యక్షుడిగా ఎన్నుకున్నారు, రెఫరెండాన్ని మాత్రం ఓడించారు. 1973లో 90 ఏళ్ల వయసులో దిగేదాకా ఆ పదవిలోనే ఉన్నాడు.

గ్రూప్2_చిత్తూరు:
చాలా థ్యాంక్స్ సార్. పరీక్ష కోసం ఇంకేం చూడమంటారు?

సివిక్స్_మేష్టరు_తిరుపతి:
ఐరిష్ రాజ్యాంగం 45వ అధికరణను, మన 37ను పక్కపక్కన పెట్టుకుని చదువమ్మా. ఆ సూత్రాల కోసం కోర్టుకు పోయే వీల్లేదని రెండింట్లోనూ ఉంటుంది.