గుద్దుడుల పాడైన బండికి పరిహారం: షెడ్డు బిల్లు సరిపోతదా, సర్వేయర్ రిపోర్టు కావాల్నా?

కాజీపేట చౌరస్తా (ప్రశ్న అడిగేది): ఒక కేసు అనుకుందాం. ములుగు రోడ్డు పక్కన ఆపిన ట్రాలీ ఆటోను లారీ వెనుకనుంచి గుద్దింది. మనుషులకు దెబ్బల్లేవు. ఎనిమిదేండ్ల ఆటో, థర్డ్ పార్టీ పాలసీ (ఎదుటోళ్ల నష్టానికే, సొంత బండికి రానిది) ఒక్కటే. ఎఫ్‌ఐఆర్ అయింది, షెడ్డు బిల్లు 86 వేలు. సర్వేయర్ (బండి నష్టం లెక్కగట్టే లైసెన్సుదారు) రిపోర్టు లేకుంటే ట్రిబ్యునల్‌ల (మోటారు ప్రమాదాల పరిహారం తేల్చే కోర్టుల) పైసా రాదంటరు. నిజమేనా?

ఎంవీఓపీ (మోటారు ప్రమాద కేసుల వకీలు): కాదు. బీమా చట్టం 64యూఎం సెక్షన్ కింద సర్వేయర్ అవసరం కంపెనీకీ, దాని సొంత పాలసీదారుకూ మధ్య లెక్క. మోటారు వాహనాల చట్టం 165 ప్రకారం ఎవరికీ గాయం కాకున్నా ఆస్తి నష్టానికి ట్రిబ్యునల్‌కు పోవచ్చు. 169 కింద విచారణ సంక్షిప్తమే. బిల్లు, దాన్ని ఇచ్చినోడి సాక్ష్యం చాలు.

లాస్ అసెసర్ (నష్టం లెక్కగట్టేటోడు): వకీల్ సాబ్, చట్టం మాట ఒప్పుకుంట. కానీ బిల్లుతోని ఖర్చు అయిందని తెలుస్తది, ఈ గుద్దుడుకే అయిందని తెల్వది. వెనుక దెబ్బకు టెయిల్ బోర్డు, యాక్సిల్ హౌసింగ్, స్ప్రింగు పట్టీలు సరే. అదే బిల్లుల క్లచ్ ప్లేటు, ముందు టైరు రాస్తే కంపెనీ వకీలు మిగతాదాన్ని గూడ అనుమానంలకు గుంజుతడు. ఎంవీఐ (మోటారు వెహికిల్ ఇన్‌స్పెక్టర్) రిపోర్టు ఆదుకుంటదనుకోకుండ్రి. అందుల ముఖ్యంగ బ్రేకు, స్టీరింగ్ సంగతే ఉంటది, డ్యామేజీ నాలుగు లైన్లు, రూపాయల లెక్క ఉండదు. బండి యజమాని తన ఖర్చుతోని లైసెన్సున్న సర్వేయర్‌ను పిలిపించుకోవచ్చు. అదీ షెడ్డుల బండి ఇప్పకముందే.

షెడ్డు మాట: ఇప్పకముందు అన్నది అసలు ముచ్చట. నంబర్ ప్లేటు కనపడేటట్టు నాలుగు దిక్కుల ఫొటోలు, చాసిస్ నంబర్, తర్వాత ఇప్పినంక లోపలి పగులు. స్పేర్లకు జీఎస్టీ బిల్లు వేరే, మీద పార్ట్ నంబర్, బండి నంబర్ ఉండాలె. లేబర్ బిల్లు వేరే, దేనికెంతో విడిగా. ‘మొత్తం రిపేరు 86,000’ అని ఒక్క లైన్ల రాసిన కాగితం ఎస్టిమేటు లెక్కనే కొడ్తది. పైసలు ఫోన్‌పేల కట్టుండ్రి, జాడ ఉంటది. పాత ముక్కలు కేసు తేలేదాక కబాడీకి ఎయ్యకుండ్రి.

ఎంవీఓపీ: ఫోన్ ఫొటోలకు భారతీయ సాక్ష్య అధినియం 63(4) సర్టిఫికెట్ కావాలి. 2024 జులై 1 నుంచి పాత సాక్ష్య చట్టం 65బి స్థానంలో అదే. ‘ఎ’ భాగం ఫోన్ యజమానిది, ‘బి’ భాగం నిపుణుడిది, హ్యాష్ విలువ (ఫైలు మారలేదని చూపే గుర్తు సంఖ్య) రాయాలి. చాలామంది ‘బి’ని వదిలేస్తున్నారు.

కాజీపేట చౌరస్తా: మరి అరుగుదల కోత? ఎనిమిదేండ్ల బండి గదా.

లాస్ అసెసర్: మోటారు టారిఫ్ పట్టికల 5 నుంచి 10 ఏండ్ల బండికి ఇనుప భాగాల మీద 40 శాతం, రబ్బరు, ప్లాస్టిక్, టైర్లు, బ్యాటరీకి 50, అద్దానికి సున్నా.

ఎంవీఓపీ: ఆ పట్టిక సొంత డ్యామేజీ పాలసీ ఒప్పందానిది. తప్పు చేసిన లారీ వల్ల నష్టపోయినోడు ఆ ఒప్పందంలో లేడు. దాన్ని ఇతని మీద రుద్దడం అన్యాయం.

లాస్ అసెసర్: అన్యాయమే అనుకుందాం. పాత బండికి కొత్త యాక్సిల్ పడితే విలువ పెరిగిందని వాదిస్తే ఎంతోకొంత కోస్తరు. పాత ఇనుము విలువ మనమే ముందుగాల తీసేసి చూపిస్తే లెక్క నమ్మేటట్టుంటది.

షెడ్డు మాట: నిజమే అన్నా, మేం గూడ పాత సామాను రేటు బిల్లు కింద రాసిస్తం.

ఎంవీఓపీ: దీనికన్నా ముందు లారీ పాలసీ కాపీ తెప్పించండి. థర్డ్ పార్టీ ఆస్తి నష్టానికి మామూలుగా 7.5 లక్షల దాకా పరిమితి ఉంటుంది. ప్రీమియం తగ్గించుకోవడానికి 6,000కే కుదించుకుంటే మిగతా 80 వేలూ లారీ యజమానే కట్టాలి. అందుకే పిటిషన్‌లో డ్రైవర్‌నూ, యజమానినీ, కంపెనీనీ ముగ్గురినీ చేర్చాలి. 2022 ఏప్రిల్ 1 నుంచి అమల్లోకొచ్చిన మోటారు వాహనాల చట్టం 166(3) పిటిషన్ వేయడానికి ఆరు నెలల గడువు పెట్టింది. కంపెనీతో రాజీ మాటలు నడుస్తున్నాయని ఆగితే ఆ గడువు దాటిపోతుంది.

కాజీపేట చౌరస్తా: రిపేరు నెల పట్టింది, ఆ నెల కిరాయి నష్టం?

లాస్ అసెసర్: పర్మిట్, ట్రిప్పుల లెక్క, అంతకుముందు నెలల బ్యాంకు జమలు చూపియ్యాలె. షెడ్డుల బండి ఎప్పుడు చేరింది, ఎప్పుడు పోయింది, తారీఖులతోని కాగితం తీసుకోవాలె. స్పేర్లు దొరకక ఆగిన దినాలు వేరు, పైసల్లేక ఆపిన దినాలు వేరు. రెండోదాని మీద కంపెనీ వకీలు గట్టిగ కొట్లాడుతడు.