అట్రాసిటీ కేసు కొట్టేస్తే అంతటితో వదిలెయ్యాలా?

రాజాం వాసి:
సూటిగా అడుగుతున్నాను. ప్రత్యేక కోర్టు ఎస్సీ, ఎస్టీ అట్రాసిటీ కేసు కొట్టేస్తే, బాధితులు అప్పీలు వేస్తేనే పైకోర్టు చూడాలా, వెయ్యకపోయినా చూడాలా? వెయ్యకపోయినా చూడాలనే నేనంటాను.

మా పక్క ఊళ్లో నూర్పుల కాలంలో, కళ్లం దగ్గర కూలి డబ్బులు అడిగిన ఒకావిడను అందరి ముందూ కులం పేరు పెట్టి బూతులు తిట్టారు. సాక్షులు ఎవరు? ఆవిడతో నూర్పులకు వెళ్లినవాళ్లే. కేసు విచారణకు వచ్చేసరికి ఏళ్లు గడిచాయి. అన్నేళ్లూ వాళ్లు ఆ రైతు పొలంలోనే పనిచేశారు, పిల్ల పెళ్లికి అప్పు కూడా ఆయన దగ్గరే తెచ్చుకున్నారు. బోనెక్కాక "ఆ రోజు కళ్లంలో ఉన్నావా?" అని అడిగితే "నాను లేనండి బాబూ" అన్నారు, ఒకరి తర్వాత ఒకరు. కేసు పోయింది. తీర్పు వచ్చిందన్న సంగతి ఆవిడకు ఊళ్లోవాళ్లు చెబితే తెలిసింది. ఆవిడ అప్పీలు వెయ్యలేదు కాబట్టి ఆవిడకు అన్యాయం జరగలేదని అనుకోవాలా?

బొబ్బిలి రైతు:
అన్నా, మీరు చెప్పింది కాదనను. కానీ రెండో వైపు కూడా చూడండి. గట్టు తగాదాలో మా బంధువు మీద ఈ కేసు పెట్టారు. ఈ చట్టంలో ముందస్తు బెయిల్‌కు 18వ సెక్షన్ అడ్డం. అరెస్టయ్యాడు, ఉద్యోగం చేసే కొడుక్కి సంబంధం తప్పిపోయింది. ఏళ్లు తిరిగాక కేసు కొట్టేశారు. ఇప్పుడు మళ్లీ దానంతటదే హైకోర్టుకు వెళ్తుందంటే ఆ ఇంట్లో టెన్షన్ ఎప్పటికి తీరుతుంది? కులం పేరుతో తిట్టడం ఈ చట్టం కింద నేరం కావాలంటే అది పదిమంది ఎదుట జరగాలి, నాలుగు గోడల మధ్య జరిగిన మాట అలా అన్నట్టు కాదని 2020లో హితేశ్ వర్మ కేసులో సుప్రీంకోర్టే చెప్పింది. కొట్టేసిన కేసులన్నీ సాక్షులు భయపడి పోయినవే అనుకోవడం న్యాయం కాదు.

ఆమదాలవలస వకీలు:
ఇద్దరూ ఒక సంగతి గమనించాలి. ప్రత్యేక కోర్టు తీర్పు మీద హైకోర్టుకు అప్పీలు వేసే హక్కు 14ఎ సెక్షన్‌లో ఉంది. చట్టపరమైన తప్పులే కాదు, సాక్ష్యం కూడా మళ్లీ చూడమని అడగొచ్చు. గడువు 90 రోజులు, తగిన కారణం చూపితే 180 దాకా. అయితే పైకోర్టు చూసినంత మాత్రాన తీర్పు తిరగబడదు. 2007లో చంద్రప్ప కేసులో సుప్రీంకోర్టు స్పష్టంగా చెప్పింది: సాక్ష్యాన్ని రెండు రకాలుగా అర్థం చేసుకునే వీలుంటే, కింది కోర్టు ముద్దాయికి అనుకూలంగా తీసుకున్నదాన్ని కదపకూడదు. అప్పీలు కాకుండా రివిజన్ (కింది కోర్టు తీర్పులో తప్పుందేమో చూడమనే పిటిషన్) వేస్తే, హైకోర్టు నేరుగా శిక్ష వెయ్యడానికే వీల్లేదు.

నా అనుభవంలో చాలా కేసులు కోర్టుకు రాకముందే దెబ్బతింటాయి. డీఎస్పీ స్థాయికి తగ్గని అధికారి దర్యాప్తు చెయ్యాలని ఈ చట్టం కింద వచ్చిన 1995 నిబంధనల్లో ఉంటుంది, ఫైల్లో చూస్తే వాంగ్మూలాలన్నీ ఎస్సై రాసినవే. బాధితురాలి కుల ధ్రువపత్రం జతచెయ్యరు. సాక్షికి బస్సు ఛార్జీ, ఆ రోజు కూలి ఇవ్వాలని 11వ నిబంధన చెబుతోంది. మన దగ్గర అడిగేవాళ్లూ లేరు, ఇచ్చేవాళ్లూ లేరు. రోజు కూలి పోగొట్టుకుని వాయిదాకు వచ్చినవాడు సాయంత్రం ఎవరి ఆటోలో ఇంటికి వెళ్తాడో ఆలోచించండి. చాలాసార్లు అది ముద్దాయి పంపిన ఆటోయే.

వంగర కుర్రాడు:
మా మండలంలోని లక్ష్మీపేటను తలచుకోకుండా ఈ మాట మాట్లాడుకోలేం. 2012 జూన్ 12న మడ్డువలస రిజర్వాయరు ముంపు భూముల తగాదాలో ఐదుగురు దళితులను చంపారు. అప్పుడు మాది శ్రీకాకుళం జిల్లా, 2022లో విజయనగరంలోకి వచ్చింది. జిల్లా మారింది గానీ ఆ భయం ఊళ్లలోంచి పోలేదు.

1991లో దళితులను చంపిన చుండూరు కేసు సంగతి కూడా చూడండి. అక్కడ ఊళ్లోనే ప్రత్యేక కోర్టు పెడితే 2007లో శిక్షలు పడ్డాయి. ముద్దాయిలు అప్పీలు వేశారు, 2014లో హైకోర్టు అందరినీ వదిలేసింది. శిక్ష పడ్డవాడు తప్పకుండా పైకోర్టుకు వెళ్తాడు, ఆ స్తోమత అతనికుంటుంది. కేసు పోయిన కూలివాడు అమరావతి దాకా వెళ్లాలంటే రాత్రంతా రైల్లో పోవాలి, అక్కడ వకీలు ఎవరో కూడా తెలీదు.

రాజాం వాసి:
బొబ్బిలి అన్నకు నా జవాబు. మీ బంధువుకు జరిగిన నష్టాన్ని నేను తక్కువ చెయ్యను. మళ్లీ విచారణ పెట్టమని నేను అనడం లేదు. కొట్టేసిన ప్రతి కేసులోనూ ఎందుకు పోయిందో, ప్రభుత్వం అప్పీలు వేస్తుందో లేదో, వెయ్యకపోతే కారణమేమిటో గడువు ముగియకముందే బాధితులకు రాతపూర్వకంగా చెప్పాలి. ఆ కాగితం హైకోర్టు ముందుకూ వెళ్లాలి. పోలీసు తప్పు వల్ల కేసు పోతే, విధి నిర్లక్ష్యానికి శిక్ష వేసే 4వ సెక్షన్ ఉండనే ఉంది. నిజంగా అబద్ధపు కేసైతే అదీ ఆ కాగితంలోనే తేలుతుంది, మీ బంధువు పేరు మీద మచ్చ పోతుంది. సాక్షులు అడ్డం తిరిగారు అన్న ఒక్క ముక్కతో ఫైలు మూసేస్తే ఇద్దరికీ న్యాయం జరగదు.

బొబ్బిలి రైతు:
కారణం రాసి ఇవ్వడానికి నాకు అభ్యంతరం లేదు. కానీ దానికీ ఒక గడువుండాలి, అదయ్యాక ఆ ఇంటిని వదిలెయ్యాలి. ప్రతి కేసూ హైకోర్టుకు వెళ్లాలన్నదానికి మాత్రం నేనిప్పటికీ ఒప్పుకోను.

ఆమదాలవలస వకీలు:
రాజాం బాబూ, నెలనెలా ఈ కేసుల స్థితి చూసి ప్రభుత్వానికి నివేదిక పంపాల్సిన పని కలెక్టరుకు నిబంధనల్లో ఇప్పటికే ఉంది. మీరడిగే కాగితాన్ని దానికే జతచెయ్యమని ఈ చట్టం అమలును చూసే జిల్లా విజిలెన్స్ కమిటీలో అడగండి, కొత్త చట్టం అక్కర్లేదు. ఈలోగా ఆ కళ్లం ఆవిడను తీర్పు సర్టిఫైడ్ కాపీకి దరఖాస్తు పెట్టమనండి. కాపీ తయారయ్యేందుకు పట్టిన రోజులు గడువులో లెక్కలోకి రావు. కాపీ తీసుకుని జిల్లా న్యాయ సేవాధికార సంస్థకు వెళ్తే, ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతో పని లేకుండా ఉచితంగా వకీలును ఇస్తారు. తీర్పు తేదీ ఎప్పుడో ముందు కనుక్కోండి, 180 రోజులు దాటిపోయి ఉంటే కష్టం.