రోజర్ షెర్మన్ పుట్టినరోజు ఏప్రిల్ 19 అని రాయాలా, 30 అని రాయాలా?

చెప్పులు కుట్టే పని నుంచి లాయరై, 1774 నాటి కాంటినెంటల్ అసోసియేషన్ (బ్రిటన్ వస్తువుల బహిష్కరణ ఒప్పందం), అమెరికా స్వాతంత్ర్య ప్రకటన, ఆర్టికల్స్ ఆఫ్ కాన్ఫెడరేషన్ (రాజ్యాంగానికి ముందు రాష్ట్రాలు చేసుకున్న ఒప్పందం), అమెరికా రాజ్యాంగం, ఈ నాలుగింటి మీదా సంతకం చేసిన ఒకే ఒక్క మనిషి రోజర్ షెర్మన్. ఆయన మీద తెలుగులో వ్యాసం మొదలుపెట్టి మొదటి లైన్ దగ్గరే ఆగిపోయాను. పుట్టిన సంవత్సరం 1721, అందులో గొడవ లేదు. తేదీ మాత్రం ఒకచోట ఏప్రిల్ 19, ఇంకోచోట 30. అచ్చు తప్పేమో అనుకున్నా గానీ, 1752లో బ్రిటన్, దాని వలసలు పాత జూలియన్ క్యాలెండర్ నుంచి ఇప్పటి గ్రెగోరియన్ క్యాలెండర్‌కి మారినప్పుడు ఎగిరిపోయిన 11 రోజుల తేడా అది: 19 పాత లెక్క, 30 కొత్త లెక్క. పోనీ మిగతావాళ్లకి ఎలా రాస్తారో చూద్దామంటే, వాషింగ్టన్‌కి ఫిబ్రవరి 22 అని కొత్త లెక్క, జెఫర్సన్ సమాధి రాయి మీదేమో ఏప్రిల్ 2 అని పాత లెక్కే చెక్కి ఉంది. రెండు తేదీలూ పెట్టి చూశాను, మొదటి వాక్యమే బ్రాకెట్లతో నిండిపోయి చదవబుద్ధి కావట్లేదు. ఇలాంటి చరిత్ర వ్యాసాలు రాసినవాళ్లు చెప్పండి, ఒక్క తేదీయే పెట్టాలంటే ఏది పెట్టాలి?