లియోన్‌లో ఫుడ్ టూర్: డబ్బు పెట్టి గైడ్ వెంట వెళ్లాలా, మనంతట మనమే తిరగాలా?

బెజవాడ ప్రయాణి

అందరికీ నమస్కారం. మా అబ్బాయి ఫ్రాన్స్‌లో గ్రెనోబుల్‌లో చదువుతున్నాడు. వచ్చే నెల నేను, మావారు, మా అత్తగారు వాడి దగ్గరికి వెళ్తున్నాం. అక్కడి నుంచి లియోన్ రైల్లో సుమారు గంటన్నర. ఒక్క రోజు ఉంటాం. ఊరు చూడాలంటే ఫుడ్ టూరే మంచిదని అబ్బాయి పట్టుబడుతున్నాడు. గైడ్ వెంటబెట్టుకుని మార్కెట్, పాత పేట తిప్పుతారట, మధ్యలో ఐదారు చోట్ల రుచి చూపిస్తారట. నేను చూసినవన్నీ మనిషికి 80 యూరోల పైమాటే. మేం నలుగురం. "తినడానికి గైడ్ ఎందుకు, ఫోన్‌లో మ్యాప్ చాలదా" అంటున్నారు మావారు. అత్తగారు శుద్ధ శాకాహారి, గుడ్డు కూడా తినరు. మేం చికెన్, చేప తింటాం గానీ బీఫ్, పోర్క్ ముట్టం. మాలాంటి వాళ్లకు ఈ టూర్ పనికొస్తుందా? వెళ్లొచ్చినవాళ్లు, అక్కడ ఉంటున్నవాళ్లు చెప్పండి. సోమవారం వెళ్దామనుకుంటున్నాం.

కాకినాడ కాజా

మీవారి మాటకే నా ఓటు. నేను లియోన్‌లో టూర్‌కీ వెళ్లాను, విడిగానూ తిరిగాను. ఆ రెండింటికీ పొంతనే లేదు. టూర్‌లో ఒక దుకాణం ముందు నిలబెట్టి రెండు సాసేజ్ ముక్కలు, ఇంకో చోట చెంచాడు చీజ్, ఆఖర్న ఒక చాక్లెట్. గుంపు పెద్దది కావడంతో వెనక ఉన్నవాళ్లకు గైడ్ మాట సగం వినపడలేదు.

లియోన్ తిండి నిలబడి తినేది కాదండి. ఆ ఊరికి పేరు తెచ్చినవి బుషోన్‌లు. చిన్న భోజనశాలలు, గళ్ల గుడ్డలు పరిచిన బల్లలు, పక్కవాళ్ల మోచెయ్యి తగిలేంత ఇరుకు. ముందు సలాడ్ వస్తుంది, తర్వాత అసలు వంటకం, ఆపైన చీజ్, చివర స్వీట్. ఎవరూ లేవమని తొందరపెట్టరు. ఫ్రెంచివాళ్ల విందు భోజనాన్ని 2010లో యునెస్కో వారసత్వ జాబితాలో చేర్చింది ఏదో ఒక వంటకాన్ని మెచ్చుకుని కాదు. నలుగురూ కలిసి కూర్చుని, ఒకదాని తర్వాత ఒకటిగా, కబుర్లాడుతూ తినే ఆ పద్ధతిని చూసి చేర్చింది. దాన్ని ముక్కలు చేసి ఆరు చోట్ల పంచితే, పెళ్లికి పిలిచి పంక్తిలో కూర్చోబెట్టకుండా వంటశాల గుమ్మంలో గరిటెడు పులిహోర చేతిలో పెట్టినట్టు ఉంటుంది.

మధ్యాహ్నం పూట 25 యూరోల చుట్టుపక్కల మంచి మెనూ దొరుకుతుంది. కుళాయి నీళ్లు అడిగితే ఊరికే ఇస్తారు, బ్రెడ్‌కీ విడిగా బిల్లు వెయ్యరు. టూర్‌కి పెట్టే దాంట్లో మూడో వంతుకే మీ నలుగురూ కూర్చుని భోంచెయ్యొచ్చు.

సోన్ తీరం

నేను ఉంటున్నది ఇక్కడే. బుషోన్ గురించి కాజా గారు చెప్పింది నిజమే. కానీ ఏ బుషోన్‌లో కూర్చోవాలి? పాత లియోన్‌లో సాన్ జాన్ వీధికి వెళ్తే ఎటు చూసినా బుషోన్ అనే బోర్డే. మంచివి ఉన్నాయి, ఫ్రీజర్లోంచి తీసి వేడిచేసి పెట్టేవీ ఉన్నాయి. 2012 నుంచి నాణ్యత చూసి లేబుల్ ఇస్తున్నారు, అది తలుపు దగ్గర కనిపిస్తుంది. అయితే ఆ లేబుల్ లేని మంచి చోట్లూ ఉన్నాయి. ఒక్క రోజు కోసం వచ్చినవాళ్లు ఇదంతా ఎలా తేల్చుకుంటారు?

అసలు సంగతి ఇంకొకటి. ఈ ఊరి వంటకు పేరు తెచ్చింది ఆడవాళ్లు. కలిగినవాళ్ల ఇళ్లలో వంట చేసి, తర్వాత సొంతంగా భోజనశాలలు పెట్టుకున్న వీళ్లను 'లియోన్ అమ్మలు' అంటారు. వాళ్లలో యూజెనీ బ్రాజియేది పెద్ద పేరు. ఆమె 1895లో పల్లెటూళ్లో పుట్టింది. చిన్నప్పుడు పశువులు కాసింది. పెళ్లికాకుండా తల్లైందని తండ్రి ఇంట్లోంచి పంపేశాడు. లియోన్ చేరి ఒకరింట్లో పనికి కుదిరింది, మేర్ ఫియ్యూ అనే మరో 'అమ్మ' దగ్గర వంటశాలలో పని నేర్చుకుంది, 1921లో రొయాల్ వీధిలో సొంత హోటల్ తెరిచింది. 1933లో ఆమె రెండు రెస్టారెంట్లకూ మిషెలిన్ గైడ్ అనే రెస్టారెంట్ల పుస్తకం మూడేసి స్టార్లు ఇచ్చింది. యుద్ధం అయ్యాక ఆమె దగ్గర పనికి చేరిన కుర్రాడు పాల్ బోక్యూజ్, తర్వాత ఫ్రాన్స్‌లో పేరుమోసిన వంటవాడయ్యాడు. ఇప్పుడు ఊళ్లో పెద్ద ఇండోర్ మార్కెట్ ఉన్నది ఆయన పేరు మీదే.

రొయాల్ వీధిలో ఆ రెస్టారెంట్ ఇప్పటికీ నడుస్తోంది. మ్యాప్ పట్టుకుని వెళ్లేవాళ్లు ఏదో ఖరీదైన హోటల్ అనుకుని దాటి వెళ్లిపోతారు. ఇల్లు వదిలి వచ్చిన ఒక పల్లెటూరి ఆడమనిషి ఫ్రాన్స్ వంటను మలుపు తిప్పిన చోటు అదేనని పక్కన నిలబడి చెప్పేవాళ్లు కావాలి. గైడ్‌కి డబ్బిచ్చేది అందుకు.

ధర్మవరం మగ్గం

మాది పట్టుచీరలు నేసే ఇల్లు. నేను లియోన్ వెళ్లింది తిండి కోసం కాదు, జకార్డ్ కోసం. మా మగ్గాల మీద అంచు, కొంగు డిజైన్ తీసే జకార్డ్‌కి ఆ పేరు జోసెఫ్ మారీ జకార్డ్ వల్ల వచ్చింది. ఆయన 1752లో లియోన్‌లో పుట్టాడు. చిల్లుల అట్టలతో దారాలను లేపే యంత్రాన్ని 1804లో తయారుచేశాడు. అది మగ్గం మీద నిలువుగా కూర్చుంటుంది, పాత పేట ఇళ్లలో అంత ఎత్తు లేదు. నేతవాళ్లు క్రువా రూస్ గుట్ట మీదికి మారడానికి అదొక ముఖ్య కారణం. అక్కడి ఇళ్ల పైకప్పులు ఇప్పటికీ నాలుగు మీటర్ల ఎత్తులో ఉంటాయి, కిటికీలు వెలుతురు కోసం పొడవుగా పెట్టారు.

ఆ నేతవాళ్లను కానూలు అంటారు. తెల్లవారకముందే మగ్గం ఎక్కి, కొన్ని గంటలు నేసి, పొద్దున తొమ్మిదింటి వేళ కడుపునిండా తినేవాళ్లు. ఆ పూట తిండిని మాషోన్ అంటారు. మంచి మాంసం కొనే స్తోమత లేదు కాబట్టి పేగులు, పొట్ట, పంది తల, కాళ్లు. ఇవాళ బుషోన్ మెనూ కార్డులో గొప్పగా రాసుకునే వంటకాల్లో చాలావాటి పుట్టుక అదే. మాంసం దొరకని పూట మెత్తటి తాజా చీజ్‌లో చిన్న ఉల్లి, ఆకులు, వెనిగర్, నూనె కలుపుకుని తినేవాళ్లు. దాని పేరు సెర్వెల్ ద కానూ.

1831లో కూలి రేటు కోసం చేసుకున్న ఒప్పందాన్ని చాలామంది పట్టు వ్యాపారులు కాదన్నారు. కానూలు తిరగబడి ఊరిని కొన్ని రోజులు చేతిలోకి తీసుకున్నారు. పనిచేస్తూ బతకాలి లేదా పోరాడుతూ చావాలి అని నల్లజెండా మీద రాసుకున్నారు. 1834లో మళ్లీ లేచారు. రెండుసార్లూ సైన్యం దిగింది. రేటు కోసం వ్యాపారి గడప దగ్గర నిలబడటం ఏమిటో మా ఇంట్లో అందరికీ తెలుసు. అందుకే ఆ వీధుల్లో నిలబడి గైడ్ ఈ సంగతులు చెబుతుంటే గొంతు పట్టేసింది.

కాబట్టి నేను గైడ్ వైపే. కానీ ఒక షరతు. నేను చూసిన ఫుడ్ టూర్లలో చాలా వరకు పాత లియోన్‌లోనే తిప్పి పంపేసేవి. గుట్ట ఎక్కించని టూర్‌కి డబ్బు పెట్టకండి. వంటకం పేరు చెప్పి, అది ఏ ఆకలిలోంచి వచ్చిందో చెప్పకపోతే ఆ టూర్ దండగ.

పప్పుచారు

అందరూ పేగులూ పొట్టా అంటున్నారు గానీ బెజవాడ గారి అత్తగారి సంగతి ఎవరూ పట్టించుకోలేదు. టూర్ల పేజీల్లో 'వెజిటేరియన్ సౌకర్యం ఉంది' అని ఉంటుంది. దాన్ని నమ్మి బుక్ చెయ్యకండి. ఏయే చోట్ల ఏమేం పెడతారో మెయిల్‌లో రాయించుకోండి. నేను వెళ్లినప్పుడు మిగతావాళ్లకు సాసేజ్ పళ్లెం, నాకు వెనిగర్‌లో ఊరేసిన దోసకాయ ముక్కలు. ధర మాత్రం అందరికీ ఒకటే. ఇది నాకు అన్యాయంగానే అనిపించింది, ఇప్పటికీ అదే మాట అంటాను.

శాకాహారులకు ఇక్కడ తిండే లేదని కాదు. ధర్మవరం గారు చెప్పిన సెర్వెల్ ద కానూ చల్లగా, కమ్మగా ఉంటుంది. ఓవెన్‌లో కాల్చే బంగాళదుంప గ్రాతాన్ ఉంటుంది, అందులో మాంసం లేదు కదా అని ఒకసారి అడగండి. లె ప్వీ ప్రాంతపు చిన్న ఆకుపచ్చ లెంటిల్ పప్పుతో చేసే సలాడ్ బాగుంటుంది, చాలాచోట్ల సాసేజ్ ముక్కలు వేస్తారు కాబట్టి వద్దని ముందే చెప్పాలి. గులాబీ రంగు ప్రాలీన్ టార్ట్ ఈ ఊరి ప్రత్యేకత, బాదం పప్పుకి ఎర్రటి పంచదార పాకం పట్టించి చేస్తారు. కాకపోతే టార్ట్ పిండిలో తరచుగా గుడ్డు కలుపుతారు. రావియోల్ అని చీజ్, పార్స్లీ కూరిన చిన్న పిండి పొట్లాలు ఉంటాయి, వాటిలోనూ గుడ్డు ఉంటుంది. లియోన్ సలాడ్ అంటే పచ్చి ఆకులే అనుకుంటాం, అందులో పోర్క్ ముక్కలు, పైన ఉడికీ ఉడకని గుడ్డు.

ఇంకోటి, పట్టింపు ఉన్నవాళ్ల కోసం చెప్తున్నాను. ఫ్రాన్స్‌లో సంప్రదాయ చీజ్‌లు చాలావాటికి పాలు విరగ్గొట్టడానికి దూడ పొట్టలోంచి తీసే రెన్నెట్ వాడతారు. అత్తగారికి ఈ విషయం చెప్పి, ఆవిడ ఇష్టానికి వదిలెయ్యండి. చెప్పకుండా పెట్టడం మాత్రం తప్పు. నా సలహా: ఆవిడకు ఫుడ్ టూర్ టికెట్ కొనకండి.

కాకినాడ కాజా

సోన్ తీరం గారూ, ధర్మవరం గారూ, మీరిద్దరూ చెప్పినవి చదివాక నా అభిప్రాయం ఇంకా గట్టిపడింది. మీరు మెచ్చుకుంటున్నది గైడ్ చెప్పిన చరిత్రను. దాంట్లో నాకూ తేడా లేదు. మరి దానికి తిండి ముక్కలు తగిలించి రేటు పెంచడం ఎందుకు? లియోన్ టూరిస్ట్ ఆఫీసు వాళ్లే గైడ్‌తో పాత పేట, ట్రబూల్‌ల (ఇళ్ల కిందుగా సాగే నడవల) నడకలు నడుపుతారు, ఫుడ్ టూర్ కంటే చాలా చవక. చరిత్రకు అలాంటి నడక, తిండికి బుషోన్. దేని డబ్బు దానికి. పైగా నాలుగు గంటలపాటు చిరుతిళ్లు తిన్నాక ఎవరికైనా బుషోన్‌లో కూర్చునే ఆకలి మిగులుతుందా?

బెజవాడ గారూ, చికెన్, చేప తినేవాళ్లు అక్కడ హాయిగా బతకొచ్చు. క్వెనెల్ తప్పకుండా తినండి. పైక్ అనే మంచినీటి చేపను మెత్తగా రుబ్బి, పిండి, వెన్న, గుడ్డుతో కలిపి ఉడికిస్తారు, పైన క్రేఫిష్ సాస్ పోస్తారు. వేడికి పొంగి మెత్తగా వస్తుంది. వెనిగర్ సాస్‌లో వండిన చికెన్ మనవాళ్లకు బాగా నచ్చుతుంది, పులుపు తగులుతుంది. కోడి కార్జంతో చేసే గాతో కూడా ఉంటుంది. తాబ్లియే ద సాపర్‌లో ఉండేది బీఫ్, ఆందూయెత్‌లో చాలావరకు పోర్క్, ఆ రెండు పేర్లూ గుర్తుపెట్టుకుని వదిలెయ్యండి.

సోన్ తీరం

కాజా గారి లెక్క బాగానే ఉంది గానీ మార్కెట్ అందులో రాలేదు. టూరిస్ట్ నడకలో వాళ్లు గోడలు చూపిస్తారు. మార్కెట్లో చీజ్ అమ్మే ఆవిడ సాన్ మార్సెలాన్ చీజ్‌లో గట్టిది ఏది, కారిపోయేంత పండింది ఏది అని విడదీసి చూపించి, ఇవాళ తింటారా రెండు రోజులాగి తింటారా అని అడిగి ఇస్తుంది. ఆ మాటలు ఫ్రెంచ్‌లో నడుస్తాయి. మధ్యలో గైడ్ లేకపోతే మీరు వేలు చూపించి కొనుక్కుని వచ్చేస్తారు. దాన్ని నేను తిండి ముక్క తగిలించడం అనను.

ట్రబూల్‌ల గురించి ఒక మాట. ఇవి ఇళ్ల కిందుగా, ఒక వీధి నుంచి ఇంకో వీధికి దారితీసే నడవలు. నేతవాళ్లు పట్టు తానులు తడవకుండా వీటిలోంచే మోసుకెళ్లేవాళ్లు. కొన్నింటిని జనం చూడటానికి తెరిచి ఉంచారు, కానీ అవి మనుషులు కాపురాలుంటున్న ఇళ్లు. గుంపులుగా వెళ్లి కేకలేస్తే ఇరుగుపొరుగు ఎంత బాధపడతారో మేం రోజూ చూస్తున్నాం. మీరు గైడ్‌తో వెళ్లినా, విడిగా వెళ్లినా అక్కడ గొంతు తగ్గించండి.

బెజవాడ గారూ, ముందు ఇది చూడండి: సోమవారం వద్దు. క్రువా రూస్ మార్కెట్, సోన్ నది ఒడ్డున సాంత్ ఆంత్వాన్ మార్కెట్ రెండింటికీ సోమవారం సెలవు. బోక్యూజ్ మార్కెట్లో కూడా ఆ రోజు చాలా షాపులు మూసి ఉంటాయి. శని, ఆదివారాల్లో మూసేసే బుషోన్‌లు బోలెడు. మంగళవారం నుంచి శుక్రవారం లోపు రండి.

బెజవాడ ప్రయాణి

ఎంత వివరంగా రాశారండీ, అందరికీ ధన్యవాదాలు. సోమవారం సంగతి చెప్పకపోతే ఆ రోజు మూసిన షాపులు చూసి తిరిగొచ్చేవాళ్లం. గురువారానికి మార్చాం.

మా ఇంట్లో తేలింది ఇది. పెద్ద ఫుడ్ టూర్ మానేశాం. అబ్బాయి వెతికి, పొద్దున్నే క్రువా రూస్ మార్కెట్, నేతవాళ్ల వీధులు చూపించే చిన్న నడక ఒకటి పట్టాడు. రుచులు రెండు చోట్లే, ధర కూడా సగమే. దానికి నేను, వాడు వెళ్తాం. మావారు, అత్తగారు ఆలోగా ఫూర్వియేర్ గుట్ట మీద చర్చి, రోమన్ల నాటి రంగస్థలం చూస్తారు. మధ్యాహ్నం అందరం బుషోన్‌లో కలుస్తాం. అత్తగారికి ఏం వండగలరో అబ్బాయి ముందే ఫోన్ చేసి అడుగుతున్నాడు. రెన్నెట్ గురించి చెప్పాను. "అయితే నాకు చీజ్ వద్దు, పప్పు సలాడ్, బంగాళదుంప చాలు" అన్నారు. గ్రాతాన్‌లో చీజ్ వెయ్యకుండా చేస్తారా?

ఆవిడకు మోకాళ్ల నొప్పులు. గుట్ట ఎక్కడం కష్టమా?

పప్పుచారు

గ్రాతాన్ దోఫినువా అని అడగండి. అసలు పద్ధతిలో అది పాలు, క్రీమ్, బంగాళదుంప, వెల్లుల్లితోనే చేస్తారు, చీజ్ ఉండదు. కొన్ని చోట్ల పైన చల్లుతారు, అబ్బాయిని ఫోన్‌లో ఆ ముక్క కూడా అడగమనండి.

ధర్మవరం మగ్గం

నడక అయ్యాక మేజోన్ దే కానూ దగ్గర కాసేపు ఆగండి. జకార్డ్ మగ్గం నడిపి చూపిస్తారు. మీరు పట్టుచీర కట్టుకుని వెళ్తే ఇంకా సంతోషం, అంచు చూపించి అడగండి, వాళ్లు ఆసక్తిగా మాట్లాడతారు.

సోన్ తీరం

మోకాళ్లకు ఇబ్బంది లేదండి. ఫూర్వియేర్‌కి పాత లియోన్ మెట్రో స్టేషన్ నుంచి ఫ్యునిక్యులర్ (తాడుతో గుట్ట ఎక్కే రైలు) ఉంది, పైదాకా కూర్చుని వెళ్లొచ్చు. రంగస్థలం దగ్గర మెట్లు ఎక్కువ, పైనుంచి చూస్తే చాలు. క్రువా రూస్‌కి ఓటెల్ ద విల్ స్టేషన్‌లో సి లైన్ ఎక్కండి, అది రంపపు పళ్లలాంటి పట్టాను పట్టుకుని గుట్ట ఎక్కే మెట్రో. దిగేటప్పుడు నడిచి రండి, దారిలోనే రొయాల్ వీధి. బుషోన్‌లో బల్ల పన్నెండున్నరకి బుక్ చేసుకోండి. రెండు దాటితే చాలాచోట్ల వంటశాల కట్టేస్తారు, సాయంత్రం ఏడు దాకా మళ్లీ తెరవరు.